ముద్దాయి ఎవరు?

మేము పత్రికలో చేరిన కొత్తలో ఒక జిల్లా కోర్టు ఆవరణలో చూసిన దృశ్యం ఇది. వేపచెట్టు కింద ఒక ముసలామె నిలబడి ఉంది. బుర్ఖా ముఖం మీంచి వెనక్కి వేసుకుంది. పక్కన పద్దెనిమిదేళ్ల కొడుకు, చేతికి కట్టు. బజారులో జరిగిన కొట్లాటలో ఎవరో కొడితే చెయ్యి విరిగింది. కేసు నడుస్తోంది. బంట్రోతు బయటికొచ్చి కేసు నంబరు పిలిచి, "ముద్దాయిలు లోపలికి రండి" అన్నాడు. ఆమె కొడుకు భుజం పట్టుకొని గబగబా మెట్లెక్కింది. "హమీచ్ ముద్దయీ హై సాబ్" అంది.

బంట్రోతు నవ్వాడు. మెట్ల మీదున్నవాళ్లూ నవ్వారు. "నువ్వెందుకు ముద్దాయివవుతావమ్మా! ముద్దాయంటే నీ కొడుకును కొట్టినోడు" అన్నాడు. ఆమె అయోమయంగా చూసింది. రెండు భాషలూ తెలిసిన మేము కూడా అప్పుడు నవ్వాం. ఇంటికొచ్చాక సిగ్గేసింది.

ఎందుకంటే ఆమె మాట్లాడింది నూటికి నూరుపాళ్లు నిజం. అరబీలో పుట్టి, ఫారసీ మీదుగా ఉర్దూలోకొచ్చిన 'ముద్దయీ' అనే మాటకు దావా వేసేవాడని అర్థం. దావా, ముద్దయీ ఒకే ధాతువు నుంచి పుట్టినవి. ఎవరి మీద దావా పడిందో వాడు 'ముద్దాఅలైహ్'. తెలుగు కోర్టులోకొచ్చేసరికి ముద్దాఅలైహ్ మాయమైపోయాడు. ముద్దయీ కాస్తా ముద్దాయై బోనులో నిలబడ్డాడు. న్యాయం అడగడానికొచ్చినవాడి పేరు నేరం మోపబడినవాడికి అంటుకుంది.

ఒక మాటకు జరిగినదాన్ని ఇంత సాగదీయాలా అని పాఠకులు అడగవచ్చు. ఆ మాటకు జరిగింది ఆ మాట మాట్లాడే జనానికి కూడా జరిగిందని మా అభిప్రాయం. అందుకే ఈ వ్యాసం.

ముందే ఒక మాట చెప్పుకోవాలి. మేము లా చదవలేదు. బి.ఏ.లో చరిత్ర, రాజనీతి, ఉర్దూ చదివాం. నల్లకోటు వేసుకున్నవాళ్లకు మేం కొత్తగా చెప్పేదేమీ లేదు. చట్టం అంటే భయపడేవాళ్లకు, పోలీసు జీపు గల్లీలోకొస్తే తలుపులేసుకునేవాళ్లకు, అంటే మాలాంటివాళ్లకే ఇది. క్రిమినల్ చట్టం మామూలు మనిషికి ఎందుకు అర్థం కాకుండా పోయింది? ఎవరి భాషలో పుట్టి ఎవరి భాషలోకి మారింది? అర్థం చేసుకోవాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

మాటలతోనే మొదలుపెడదాం. ఫిర్యాదు, దర్యాప్తు, తనిఖీ, జప్తు, హాజరు, గైర్హాజరు, వకీలు, వకాల్తానామా, జామీను, ఖైదీ, నకలు, దాఖలు, రద్దు, రాజీ, మాఫీ. ఇవన్నీ మా ఇంటి మాటలు. మా దాదీ అన్నం వడ్డిస్తూ కూడా వీటిల్లో సగం మాటలు వాడేది. తెలుగువాళ్ల ఇంట్లోనూ ఇవి తెలుగు మాటలే అయిపోయాయి. ఎవరూ వీటిని పరాయి మాటలనుకోరు. కోర్టు గుమ్మం దాటగానే ఇవే మాటలు కొత్త ముఖం పెడతాయి. ఉర్దూలో ఖూనీ అంటే హంతకుడు, తెలుగులో ఖూనీ అంటే హత్య. మనిషి పోయి పని మిగిలింది. ఉర్దూలో వాదా అంటే మాట ఇవ్వడం. అది తెలుగులో వాయిదా అయింది. ఇచ్చిన మాట కాస్తా పై నెలకు జరిగిపోయింది. అమీన్ అంటే నమ్మకస్తుడు, ప్రవక్తకు జనం పెట్టుకున్న పేరు అది. కోర్టు అమీనా అంటే మాత్రం సామాను జప్తు చేయడానికి వచ్చేవాడు. జుర్మానా అంటే జరిమానా. మా ఊళ్లో దాన్ని జుల్మానా అనేవాళ్లు. జుల్మ్ అంటే దౌర్జన్యం. ఆ తప్పు పలుకుబడిలో జనం అనుభవం పలికిందని మాకనిపిస్తుంది.

ఈ మాటలు ఇక్కడికెలా వచ్చాయి? సుల్తానులు, మొఘలులు, ఆసఫ్‌జాహీలు పాలించిన చోట నేరవిచారణ ఖాజీ, ముఫ్తీ, ఫౌజ్‌దార్, కొత్వాల్‌ల చేతుల్లో ఉండేది. ఫౌజ్‌దారీ అంటే క్రిమినల్, దివానీ అంటే సివిల్. తెలంగాణ పల్లెల్లో పెద్దవాళ్లు ఇప్పటికీ ఫౌజ్‌దారీ కేసు అనే అంటారు. ఆ విధానంలో హత్య అంటే ప్రధానంగా చనిపోయినవాడి వారసులకు జరిగిన అన్యాయం. వాళ్లే ముద్దయీలు. ప్రతీకారం, అంటే కిసాస్, కోరే హక్కు వాళ్లదే. రక్తధనం, అంటే దియత్, తీసుకొని క్షమించే హక్కూ వాళ్లదే. వీటికి బయట ఉండే నేరాలకు న్యాయమూర్తి విచక్షణతో వేసే శిక్షను తాజీర్ అనేవారు.

అదంతా బంగారు యుగమని మేం చెప్పబోవడం లేదు. డబ్బున్నవాడు రక్తధనం ఇచ్చి బయటపడే వీలుంది. పేద వారసుడి మీద ఒత్తిడి తెచ్చి క్షమాపణ రాయించుకునే వీలూ ఉంది. ముస్లిం మీద ముస్లిమేతరుడి సాక్ష్యానికి పూర్తి విలువ ఉండేది కాదు. ఇది అన్యాయమే. కంపెనీ కాలంలో ఆ తేడా తొలగింది. మంచిదే. మన తాతల కాలంలో జరిగింది కాబట్టి వెనకేసుకురావాలన్న నియమం ఏ ధర్మంలోనూ లేదు.

1765లో ఈస్టిండియా కంపెనీకి బెంగాల్ దివానీ దక్కింది. 1772లో వారన్ హేస్టింగ్స్ జిల్లాకో ఫౌజ్‌దారీ అదాలత్ పెట్టాడు. తెల్లవాడి ప్రభుత్వం, విచారించి ఫత్వా చెప్పేది మాత్రం ఖాజీ, ముఫ్తీలు. 1790లో కార్న్‌వాలీస్ నేరవిచారణను నవాబు చేతుల్లోంచి పూర్తిగా తీసుకున్నాడు. హత్య కేసులో వారసులు క్షమించినా శిక్ష ఆగదన్నాడు. ఈ మార్పు చిన్నదిగా కనిపిస్తుంది గానీ నేటి క్రిమినల్ చట్టం మొత్తం దాని మీదే నిలబడి ఉంది. అప్పటిదాకా నేరం మనిషికీ మనిషికీ మధ్య జరిగింది. అప్పట్నుంచి నేరం సర్కారుకు వ్యతిరేకంగా జరిగింది. అసలు ముద్దయీ పక్కకు తప్పుకొని సర్కారు ఆ కుర్చీలో కూర్చుంది.

చట్టం చదవనివాళ్లు మొట్టమొదట తెలుసుకోవలసింది ఇదే. మీ కొడుకును కొడితే మీరు ఫిర్యాదిస్తారు. కేసు మాత్రం మీది కాదు, ప్రభుత్వానిది. మీరు అందులో సాక్షి. మీ తరఫున వాదించేది మీరు పెట్టుకున్న వకీలు కాదు, పబ్లిక్ ప్రాసిక్యూటర్. దీంట్లో మేలుంది. పేదవాడు వకీలుకు డబ్బివ్వలేకపోయినా కేసు నడుస్తుంది. బలవంతుడు బెదిరించి హత్య కేసులో రాజీ చేసుకోలేడు. కీడూ ఉంది. సర్కారుకు ఇష్టం లేకపోతే, లేదా నేరం చేసింది సర్కారు మనిషే అయితే, మీ కేసును నడిపేవాడెవడు? వేపచెట్టు కింద నిలబడ్డ ఆ తల్లి అయోమయం వెనక ఉన్నది ఈ ప్రశ్నే. మాట తిరగబడిన తీరు, చరిత్ర తిరగబడిన తీరు ఒక్కలాగే ఉన్నాయి.

1802లో మద్రాసు ప్రెసిడెన్సీలోనూ ఇదే పద్ధతి వచ్చింది. కోస్తా, సీమ జిల్లాలు అప్పటికి కంపెనీ కింద ఉన్నాయి. అంటే గుంటూరు రైతు, కడప కోమటి నేరవిచారణకొస్తే ముస్లిం న్యాయాధికారి ఫత్వా ఇచ్చేవాడు, తెల్లదొర తీర్పు రాసేవాడు. ఇస్లామిక్ నేర చట్టాన్ని ఇక్కడ దశాబ్దాలపాటు నడిపింది ఇంగ్లీషు కంపెనీ అన్న సంగతి మన పాఠ్యపుస్తకాల్లో కనిపించదు.

1834లో మెకాలే అధ్యక్షుడిగా లా కమిషన్ వచ్చింది. 1837లో శిక్షాస్మృతి ముసాయిదా తయారైంది. ఆ ఏడే కోర్టుల నుంచి ఫారసీని తొలగించారు. ముసాయిదా మాత్రం ఇరవై ఏళ్లకు పైగా అటక మీదే ఉంది. 1857 తిరుగుబాటు తర్వాత గానీ దానికి కదలిక రాలేదు. 1860లో చట్టమై, 1862 జనవరి 1 నుంచి అమలైంది. మొత్తం 511 సెక్షన్లు. 1861లో పోలీసు చట్టం, క్రిమినల్ ప్రొసీజర్ కోడ్, 1872లో సాక్ష్య చట్టం వచ్చాయి. తిరుగుబాటు మళ్లీ రాకూడదన్న జాగ్రత్త ఈ చట్టాలు పుట్టిన గదిలోనే ఉంది. పోలీసు మనకు కాపలాదారుగా కాక, మన మీద కాపలాదారుగా కనిపించడానికి మూలం అక్కడే.

ఇంకో సంగతి. ఈ శిక్షాస్మృతికి ఉర్దూ పేరు 'తాజీరాత్-ఎ-హింద్'. ఖాజీల కాలపు 'తాజీర్' అనే మాటనే మెకాలే చట్టానికి తొడిగారు. దాన్ని ఉర్దూలోకి తెచ్చిన పనిలో ముఖ్యుడు డిప్టీ నజీర్ అహ్మద్. 1869లో 'మిరాతుల్ ఉరూస్' రాసి ఉర్దూ నవలకు ఆద్యుడనిపించుకున్న ఆయనే. తర్వాత కొన్నేళ్లు హైదరాబాద్ సంస్థానంలో ఉద్యోగం కూడా చేశారు. ఇంటి ఆడపిల్లలకు అర్థమయ్యే ఉర్దూలో కథ రాయగలిగిన మనిషి చట్టానికి కూడా ఉర్దూ ఇచ్చాడు. చట్టాన్ని జనం భాషలో చెప్పడం సాధ్యం కాదనేవాళ్లకు ఇదొక జవాబు.

హైదరాబాద్ సంస్థానంలో 1880ల్లో పాలన ఫారసీ నుంచి ఉర్దూకి మారింది. 1918లో ఉర్దూ మాధ్యమంలో ఉస్మానియా విశ్వవిద్యాలయం వచ్చింది. దారుల్ తర్జుమాలో శాస్త్రాలన్నీ ఉర్దూలోకి దిగాయి. మా పెద్దవాళ్లు దీన్ని గర్వంగా చెప్పుకుంటారు. చెప్పుకోవాలి కూడా. కానీ ఆ కోర్టులో తెలుగు రైతు ఎలా నిలబడ్డాడో కూడా చెప్పుకోవాలి. జనంలో అధికభాగం తెలుగు, మరాఠీ, కన్నడం మాట్లాడేవాళ్లు. తీర్పు ఉర్దూలో వస్తే నల్లగొండ రైతుకు, ఆ ముసలామెకు ఇవాళ ఉన్న అయోమయమే ఉండేది. 1951లో భారత శిక్షాస్మృతి ఇక్కడికి వచ్చింది. పై కోర్టుల్లో ఇంగ్లీషు వచ్చింది. రాజ్యాంగంలోని 348వ అధికరణం సుప్రీంకోర్టుకు, హైకోర్టులకు ఇంగ్లీషునే నిర్ణయించింది. ఒకప్పుడు తెలుగువాడికి మాత్రమే పరాయిదైన కోర్టు ఇప్పుడు మా ఇద్దరికీ పరాయిదైంది. తురకోళ్ల భాష మా నెత్తిన రుద్దారని తెలుగువాడు, మా భాషను చంపేశారని మేమూ ఒకరినొకరు అనుకుంటుండగా, మూడో భాష ఇద్దరి మీదా తీర్పు చెబుతోంది.

1948 సెప్టెంబరు సంగతి చెప్పకుండా ఈ చరిత్ర దాటలేం. పోలీసు చర్య అన్నారు. పేరులోనే పోలీసు ఉంది. ఆ తర్వాతి రోజుల్లో జరిగిన హత్యాకాండ మీద ప్రభుత్వం పంపిన పండిట్ సుందర్‌లాల్ బృందం తక్కువలో తక్కువగా 27 వేల నుంచి 40 వేల మంది చనిపోయి ఉంటారని రాసింది. ఆ నివేదిక దశాబ్దాలపాటు బీరువాలోనే ఉండిపోయింది. అంతకుముందు రజాకార్ల చేతుల్లో చనిపోయిన రైతుల ఇళ్లలోనూ ఏడుపే మిగిలింది. నేరం సర్కారుకు వ్యతిరేకంగా జరిగిందనే చట్టంలో, సర్కారు చూడదలచుకోని చావులకు ముద్దయీ ఎవరు? చట్టం పుస్తకంలో ఆ అధ్యాయం లేదు.

ఇలాంటి చట్టంతో మామూలు మనిషికేం పని అని విసుగు పుట్టవచ్చు. మాకూ పుట్టింది. కానీ చరిత్ర చదివే కొద్దీ ఇంకొకటి కనపడింది. ఈ చట్టంలో మనల్ని కాపాడే వాక్యాలున్నాయి. వాటి వెనక ఎవరి దెబ్బలో ఉన్నాయి.

పోలీసుల ముందు చేసిన నేరాంగీకారం కోర్టులో చెల్లదు. 1872 సాక్ష్య చట్టంలో ఇది 25వ సెక్షన్. ఇప్పుడు భారతీయ సాక్ష్య అధినియమ్‌లో 23వది. తెల్లవాడికి మన మీద దయ ఎందుకు కలిగింది? 1855లో మద్రాసు ప్రెసిడెన్సీలో చిత్రహింసల మీద ఒక విచారణ సంఘం నివేదిక ఇచ్చింది. శిస్తు వసూలుకూ, నేరం ఒప్పించడానికీ సర్కారు నౌకర్లు రైతుల్ని ఎట్లా హింసించేవారో అందులో ఉంది. ఆ ప్రెసిడెన్సీలో మన తెలుగు జిల్లాలూ ఉన్నాయి. అలాంటి అనుభవాల నేపథ్యంలోనే పోలీసుల ముందు ఒప్పుకున్నది నమ్మరాదన్న సూత్రం చట్టంలోకెక్కింది. అంటే ఆ ఒక్క వాక్యం వెనక మన ముత్తాతల వీపులున్నాయి.

ఆ వాక్యానికి మినహాయింపు పెట్టింది మనం ఎన్నుకున్న ప్రభుత్వమే. 1987 టాడా చట్టంలో పోలీసు అధికారి ముందు ఒప్పుకోలు సాక్ష్యమైంది. 1995లో టాడా పోయింది. 2002లో పోటా వచ్చి అదే పని చేసింది. 2004లో పోటా పోయింది. 1967 నాటి ఉపా చట్టం ఉండనే ఉంది. 2008 సవరణతో అందులో బెయిలు దాదాపు అందని పండైంది, చార్జిషీటుకు గడువు 180 రోజుల దాకా పెరిగింది. ఈ చట్టాల కింద కేవలం ముస్లింలే జైళ్లకెళ్లారని మేమనం. సిక్కులు, ఆదివాసులు, దళితులు, హక్కుల కార్యకర్తలు వెళ్లారు. కానీ మా గల్లీల్లో పిల్లల్ని పెంచే తల్లులను అడగండి. ఆ చట్టాల పేర్లు వాళ్లకు కంఠోపాఠం.

పుట్టుకతోనే అనుమానితుడిని చేయడం కొత్త కూడా కాదు. 1871లో క్రిమినల్ తెగల చట్టం తెచ్చి కొన్ని కులాలకు కులాలనే నేరస్తులన్నారు. 1911 తర్వాత మద్రాసు ప్రెసిడెన్సీలోనూ అది అమలైంది. బాపట్ల దగ్గరి స్టువర్టుపురం అలా ఎరుకలవాళ్లను తెచ్చి పెట్టిన సెటిల్‌మెంటే. 1952లో ఆ చట్టం రద్దయింది. ఊళ్లో దొంగతనం జరిగితే ఇప్పటికీ ముందు ఎవరి గుడిసె తలుపు తడతారో మనందరికీ తెలుసు. నగరంలో బాంబు పేలితే ఎవరి తలుపు తడతారో కూడా తెలుసు. మాది, వాళ్లది ఒకటే కథ.

2007 మే 18న మక్కా మసీదులో బాంబు పేలింది. తొమ్మిది మంది నమాజీలు చనిపోయారు. ఆ వెంటనే జరిగిన పోలీసు కాల్పుల్లో మరో అయిదుగురు పోయారు. తర్వాత పదుల సంఖ్యలో ముస్లిం కుర్రాళ్లను పట్టుకెళ్లారు. హింసించారన్న ఆరోపణలు వచ్చాయి. కోర్టులు వాళ్లను నిర్దోషులన్నాయి. అప్పటి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం వాళ్లకు పరిహారం ఇచ్చింది. 2013లో హైకోర్టు ఆ పరిహారాన్ని రద్దుచేసింది. తర్వాత వేరే వ్యక్తుల మీద కేసు నడిచి, 2018లో వాళ్లూ నిర్దోషులుగా బయటికొచ్చారు. పధ్నాలుగు మంది పోయారు, దోషి ఒక్కడూ తేలలేదు. చనిపోయినవాళ్ల ఇళ్లవాళ్లే ముద్దయీలు కావలసింది. వాళ్ల గల్లీ పిల్లలే ముద్దాయిలయ్యారు.

అంతకు దాదాపు ముప్పై ఏళ్ల ముందు, 1978 మార్చిలో, హైదరాబాద్ నల్లకుంట పోలీసు స్టేషన్ ఉంది. సినిమా చూసి భర్తతో వస్తున్న ఒక ముస్లిం మహిళను స్టేషన్‌లో పెట్టారు. ఆమె మీద అత్యాచారం జరిగింది. రిక్షా తొక్కుకునే భర్తను కొడితే చనిపోయాడు. నగరం భగ్గుమంది. జస్టిస్ ముక్తదర్ కమిషన్ పోలీసులనే తప్పుపట్టింది. కమిషన్ ముందే పోలీసుల తరఫువాళ్లు ఆమె నడవడిక మంచిది కాదని, పెళ్లే పెళ్లి కాదని వాదించారు. కేసు రాయచూరు కోర్టుకు మారింది. 1981లో పోలీసులు విడుదలయ్యారు. ఫిర్యాదు చేసిన ఆమే ముద్దాయి అయిన కథ ఇది. కానీ కథ అక్కడ ఆగలేదు. మహారాష్ట్ర ఆదివాసీ బాలిక కేసులో 1978లో సుప్రీంకోర్టు పోలీసులను వదిలేసింది. ఈ రెండింటి మీద దేశమంతా ఆడవాళ్లు రోడ్డెక్కారు. 1983లో చట్టం మారింది. పోలీసు కస్టడీలో అత్యాచారం జరిగితే, నాకిష్టం లేదని ఆమె చెబితే కోర్టు ఆ మాటనే ముందు నమ్మాలన్న నియమం వచ్చింది. బాధితురాలి పేరు అచ్చువేయరాదన్న నియమమూ అప్పుడే వచ్చింది. ఆమె పేరు మా తరానికంతా తెలుసు. అయినా ఇక్కడ రాయడం లేదు. ఆమె వల్ల వచ్చిన చట్టాన్ని ఆమె విషయంలోనైనా పాటించాలి కదా!

జైళ్ల కథ కూడా ఒక ముస్లిం స్త్రీ పేరుతోనే ఉంది. 1979లో పోలీసు ఉన్నతాధికారిగా పనిచేసిన కె.ఎఫ్. రుస్తుంజీ బిహార్ జైళ్లలో ఏళ్ల తరబడి విచారణ లేకుండా మగ్గుతున్నవాళ్ల గురించి పత్రికలో రాశారు. అది పట్టుకొని వేసిన హుస్సైనారా ఖాతూన్ కేసులో, త్వరిత విచారణ జీవించే హక్కులో భాగమని సుప్రీంకోర్టు చెప్పింది. పేదవాడికి ప్రభుత్వమే వకీలునివ్వాలంది. ఒక పత్రికా వ్యాసం జైలు తలుపు తీయించిందని మాలాంటి పాత్రికేయులు గుర్తుపెట్టుకోవాలి. అయినా 2022 జైలు లెక్కల్లో దేశంలోని ఖైదీల్లో ప్రతి నలుగురిలో ముగ్గురు విచారణ ఖైదీలే. నేరం రుజువుకాని మనుషులు. జనాభాలో మా వాటా 14.2 శాతం. విచారణ ఖైదీల్లో మా వాటా అంతకన్నా ఎక్కువేనని ఆ లెక్కలే చెబుతూ వస్తున్నాయి.

ఇక చేతికి పనికొచ్చే నాలుగు మాటలు. 2024 జులై 1 నుంచి పాత మూడు చట్టాలు పోయి భారతీయ న్యాయ సంహిత, భారతీయ నాగరిక సురక్షా సంహిత, భారతీయ సాక్ష్య అధినియమ్ వచ్చాయి. న్యాయ సంహితలో 358 సెక్షన్లే. చార్ సౌ బీస్ అని తిట్టుకునే 420 ఇప్పుడు లేదు. మోసం 318లోకెళ్లింది, హత్య 302 నుంచి 103కి మారింది. అంకెలు మారినా ప్రాథమిక సూత్రాలు చాలావరకు అవే.

నేరం జరిగిందని చెబితే, అది పోలీసులు సొంతంగా దర్యాప్తు చేయగల తీవ్రమైన నేరమైతే, ఎఫ్ఐఆర్ రాసి తీరాలని 2013లో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఏ స్టేషన్‌లోనైనా ఇవ్వవచ్చు, మా పరిధి కాదని పంపించకూడదు. నకలు ఉచితంగా ఇవ్వాలి. రాసుకోకపోతే ఎస్పీకి రాతపూర్వకంగా పంపాలి, అక్కడా కాకపోతే మేజిస్ట్రేటు దగ్గరికెళ్లాలి. ఎఫ్ఐఆర్‌లో పేరున్నంత మాత్రాన నేరస్తుడు కాడు. చార్జిషీటు పడినంత మాత్రానా కాడు. అది పోలీసుల అభిప్రాయం, అంతే. సహేతుకమైన అనుమానానికి తావులేకుండా రుజువు చేయవలసిన భారం సర్కారుదే.

పట్టుకెళ్తే ఎందుకో చెప్పాలి. ఇంట్లోవాళ్లకు తెలియజేయాలి. అరెస్టు కాగితం రాసి, ఇంటివాళ్లో ఊరివాళ్లో ఒకరి చేత సాక్షి సంతకం పెట్టించాలి. 1996లో డి.కె. బసు కేసులో సుప్రీంకోర్టు చెప్పిన ఈ సంగతులు తర్వాత చట్టంలోకెక్కాయి. 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు నిలబెట్టాలి. ఇది రాజ్యాంగం 22వ అధికరణం మాట. మేజిస్ట్రేటు అడిగినప్పుడు కొట్టారని చెప్పగలిగేది అక్కడే. అప్పుడు నోరు మూసుకుంటే తర్వాత తెరిచినా వినేవాడు తక్కువ. ఏడేళ్లలోపు శిక్షపడే నేరాల్లో ఊరికే అరెస్టు చేయకూడదు, ముందు నోటీసివ్వాలి. తప్పనిసరైతే తప్ప, అదీ మేజిస్ట్రేటు అనుమతితో తప్ప, ఆడవాళ్లను పొద్దుగూకాక అరెస్టు చేయరాదు. సాక్ష్యం కోసమని ఆడవాళ్లను స్టేషన్‌కు పిలవకూడదు, వాళ్లున్న చోటికే రావాలి. పోలీసులకు సాక్షిగా చెప్పినదాని మీద సంతకం అక్కర్లేదు. తెల్లకాగితం మీద సంతకం ఎవరడిగినా పెట్టొద్దు. నేరం తీవ్రతను బట్టి 60 లేదా 90 రోజుల్లో చార్జిషీటు పడకపోతే బెయిలు హక్కవుతుంది. అడగాలి, అడగకపోతే రాదు. వకీలుకు డబ్బు లేకపోతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంది, కోర్టు ఆవరణలోనే ఉంటుంది.

ఇవన్నీ పాటిస్తారా అని అడుగుతారు. చాలాచోట్ల పాటించరు. అయితే తెలియనివాడి ముందు ఉల్లంఘించడం తేలిక. తెలిసినవాడి ముందు కొంచెం కష్టం. ఆ కొంచెం తేడా ఒక్కోసారి ఒక ప్రాణం.

కొత్త చట్టాల పేర్లన్నీ సంస్కృతంలోకి మారాయి. 2019లో ఢిల్లీ హైకోర్టు ఎఫ్ఐఆర్‌లలో అర్థంకాని ఉర్దూ, ఫారసీ మాటలు తగ్గించమంది. అర్థంకాని మాటలు ఎవరివైనా పోవలసిందే. మేం దానికి ఏడవం. కానీ ఫిర్యాదు తీసేసి అభియోగమనీ, జామీను తీసేసి ప్రతిభూతి అనీ రాస్తే వేపచెట్టు కింద ఉన్న మనిషికి ఏం దగ్గరైంది? భాష శుద్ధి వేరు, భాష అందడం వేరు. తెలంగాణలో 2017 నుంచి ఉర్దూ రెండో అధికార భాష. అరెస్టయినవాడి హక్కుల కాగితం తెలుగులో, ఉర్దూలో, వాడుక మాటల్లో ప్రతి స్టేషన్ గోడ మీదా ఉండాలని అడగడానికి ఇంతకన్నా ఆధారం ఏం కావాలి? సర్కారు వేసేదాకా ఆగనక్కర్లేదు. రంజాన్ సహరీ వేళల పట్టిక అచ్చువేయించి పంచే దుకాణదారులు మన దగ్గర ఎందరో ఉన్నారు. దాని వెనకవైపు ఖాళీగానే ఉంటుంది. అక్కడ ఈ పది మాటలు అచ్చు వేయించవచ్చు.

ఆ ముసలామె మళ్లీ మాకు కనిపించలేదు. కేసు ఏమైందో తెలియదు. ఆ రోజు బంట్రోతు ఆమెను నిలబెట్టి, పక్కకు జరగమన్నాడు. ఆమె జరిగింది. జరుగుతూ మళ్లీ అదే మాట, ఈసారి మెల్లగా, తనలో తాను అనుకున్నట్టు అంది. "ముద్దయీ తో హమీచ్ హై."

ఆమె మాటే సరైంది. ఆమెకు ఆ మాటను తిరిగి ఇప్పించే పని మాత్రం మిగిలే ఉంది.